పైకి వచ్చేటప్పుడు

నేను నీళ్ళ అడుగున బతికినవాణ్ణి.
పడవ మీద కంప్రెసర్ దడదడలాడుతుంటే
పసుప్పచ్చ గొట్టం ఒకటి పళ్ళతో కరుచుకుని
పదిహేను బారల లోతున
ఆల్చిప్పలు ఏరుకున్నవాణ్ణి.
గొట్టం పైకొస దగ్గర నిబాల్దో ఉండేవాడు.
వాడు సిగరెట్ ముట్టిస్తే
కింద నాకు పొగ వాసన వచ్చేది.

ఇప్పుడు గొట్టం నా కూతురి ఛాతీలోకి దిగింది.
పైకొస దగ్గర నేను.
సిగరెట్ మానేశాను.

కెయ్లెన్ నుంచి వాల్దీవియాకి
ఒక పడవ, రెండు బస్సులు, ఆగని వాన.
మోకాలి పైన సలుపుతోందంటే
పదకొండేళ్ళ పిల్ల, ఎదిగే నొప్పులే అన్నాం.
మా అమ్మ ఉప్పుమూట వేడిచేసి కాపడం పెట్టింది.
అబద్ధమేం కాదు,
లోపల ఏదో ఎదుగుతూనే ఉంది.

ఎక్స్‌రేలో చూశాను.
తొడ ఎముక చివర
పిల్లలు బొమ్మల్లో గీసే సూర్యుడు,
చుట్టూ తెల్లటి కిరణాలతో సహా.
నా తుంటిలోనూ మచ్చలున్నాయి,
సముద్రం నమిలి వదిలేసినవి.
మా ఇంట్లో ఎముకలకి అచ్చిరాలేదు.

ఎర్ర మందు రోజున ఉచ్చ ఎర్రగా వస్తుంది.
రాయెన్ దానికి పీత రసం అని పేరు పెట్టి
పక్క మంచం పిల్లాణ్ణి హడలగొట్టింది.
పసుప్పచ్చ మందు రోజున మాత్రం
ఏ పేరూ పెట్టదు. గోడవైపు తిరిగి పడుకుంటుంది.

నర్సు ఓరియెట్టా నాకు విడమరిచి చెప్పింది:
ఇది నాలుగు గంటలు ఎక్కే విషం.
ఇరవైనాలుగో గంటకి విరుగుడు మొదలు.
నిమిషం ఆలస్యం కాకూడదు.
ఉచ్చ పోసినప్పుడల్లా కాగితప్పట్టీ ముంచి
రంగు చూసి రాసుకోవాలి.
పులుపు తాగనివ్వద్దు.

తెలుసన్నాను.
మునగడం ఎవడైనా మునుగుతాడు,
విద్యంతా పైకి రావడంలో ఉంది.
సగం దారిలో తాడు వాటేసుకుని ఆగాలి,
నెత్తురులో ఇరుక్కున్న గాలి
దానంతటది వదిలేదాకా
నెత్తిమీద వెలుగు కనిపిస్తున్నా సరే ఆగాలి.
మా బావమరిది ఆగలేదు.
పండగ పూట, ఆకలి మీద, ఒక్క ఊపున పైకొచ్చాడు.
ఇవాళ్టికీ చక్రాల కుర్చీలోంచే వలలు అల్లుతాడు.

మొదటిరోజు అంకె ఎనిమిది.
మర్నాటికి ఒకటి లోపు.
నిన్నట్నుంచి సున్నా పాయింట్ రెండు దగ్గర
మొండికేసింది.
ఒంట్లో ఆ కాస్త కూడా ఇంకాలి,
అప్పటిదాకా తాడు వదలకూడదు.

డాక్టర్ హిమేనా సాయంత్రం వచ్చి కూచుంది,
నిలబడి చెప్పే మాటలు కావు కాబట్టి.
తీసేసిన ఎముక చోట ఇనపదొకటి పెడతారట,
అయస్కాంతం తిప్పితే
కోయకుండానే నాలుగు మిల్లీమీటర్లు సాగుతుందట.
ఊపిరితిత్తిలో రెండు చుక్కలున్నాయిగా,
మందుకి లొంగకపోతే మరో దారి వెతుకుతున్నారట:
పిల్ల నెత్తుటి కణాలే బయటికి తీసి
శత్రువు మొహం నేర్పి
మళ్ళీ లోపలికి పంపడం.
ఇంకో రకం మందు ముందు కుక్కలకిచ్చి చూశారట.
కుక్కలకీ వస్తుందట ఇదే జబ్బు, ఇదే ఎముకలో.

రాయెన్ లేచి కూచుంది.
"వాటి పేర్లేంటి?"
డాక్టర్‌కి తెలియదు.
"బతికాయా?"
"కొన్ని," అంది డాక్టర్, దాచకుండా.
ఆ ఒక్క మాటకి ఆమెని నమ్మాను.

సంతకం పెట్టమన్న కాగితంలో
ప్రతి వాక్యానికీ చివర 'కావచ్చు'.
పోటుపాట్ల పట్టికలో ఆ మాట ఎక్కడా ఉండదు.
పెట్టాను.
అట్ట వెనక మా అమ్మాయి
అప్పటికే ఒక కుక్కని గీసింది. మూడు కాళ్ళు.
నాలుగోది మర్చిపోయిందనుకున్నాను.
మర్చిపోలేదట.

తెల్లవారుజాము నాలుగు.
నది ఒడ్డున చేపల బజారులో
సీలయన్లు అరుస్తున్నాయి, అప్పులవాళ్ళలాగా.
గిన్నెలో పట్టీ ముంచాను.
రంగు బాగానే ఉంది.
అంకె రావడానికి ఇంకా రెండు గంటలు.

"నాన్నా, ఇంకా ఎన్ని బారలు?"
రెండు, అన్నాను.
నాకేం తెలుసు.
కళ్ళు మూసుకుంది, నమ్మిందో లేదో.

మంచం కమ్మీ కింద
గొట్టం మడతపడబోతోంటే
వేలితో సరిచేశాను.