కుక్కని కట్టెయ్యమన్నాడు

ఆకివీడు మేత డిపోలో పద్దులు రాస్తాను నేను.
ఏడు బ్రాంచీలు మాకు.
కాళ్ళకూరు నుంచి కొల్లేటి అంచుదాకా
ఏడు పాత కంప్యూటర్లు, ఏడు దుమ్ము తెరలు.
అన్నిటికీ ప్రాణం ఒక్కటే,
నా బల్ల వెనక మేత బస్తాల చాటున
గుర్రుమంటూ పనిచేసే సర్వరు.
సిద్ధాపురంలో మీట నొక్కితే
ఇక్కడ నా గదిలో పద్దు కదులుతుంది,
ఎక్కడో లాకు తలుపు ఎత్తితే
శివారు చేనుకి తెలిసినట్టు.

"ఏది కొందాం, కరుణమ్మా?" అన్నారు భద్రరాజుగారు.
మూడు కొటేషన్లు పరిచాను.
ఒకటి మనిషికింత అని లెక్కగట్టేది,
ఒకటి ఏటేటా శిస్తులా కట్టమనేది,
ఇంకోటి ఒకేసారి కొంటే
మూడేళ్ళదాకా పిలిస్తే పలికేది.
నాలుగోది కాగితం మీద లేదు.
శేషుబాబు చొక్కా జేబులో ఉంది, పెన్‌డ్రైవులో.
పద్దెనిమిది వందలు. బిల్లుండదు.
రాజుగారు నవ్వారు.
నేనూ నవ్వాను, అది కూడా చెప్పుకోవాలి.

పరీక్ష చేయించని రొయ్యపిల్లని
ఊరికే ఇచ్చినా చెరువులో వదలని మనిషి ఆయన.
హేచరీ పేరడుగుతారు, తల్లిరొయ్య ఊరడుగుతారు,
ల్యాబు కాగితం వెలుతురికి పట్టి చూస్తారు.
శేషుబాబుని మాత్రం
టీ తాగుతావా అని అడిగారు.

"ఒక్క పది నిమిషాలు యాంటీవైరస్ ఆపండమ్మా,
దీన్ని చూస్తే అది మొరుగుద్ది."
ఇంటికొచ్చే చుట్టం
వీధిలోంచే కుక్కని కట్టెయ్యమన్నాడు.
కట్టేశాను.
మళ్ళీ విప్పినట్టు ఎవరికీ గుర్తులేదు.

పదకొండు నెలలు బాగానే నడిచింది.
గట్టులో ఎండ్రకాయ బొరియ చేస్తున్నప్పుడు
పైన గడ్డి పచ్చగానే ఉంటుంది.
అప్‌డేటు చెయ్యనా అని తెర అడిగేది.
చేస్తే ఆగిపోద్దన్నాడు శేషుబాబు.
జబ్బు దాచుకున్నవాళ్ళలా
ఆ ప్రశ్నని రోజూ మూసేసేవాళ్ళం.

శ్రావణంలో ఒక రాత్రి వాచ్‌మన్ ఏసోబు చూశాడట.
గదిలో ఎవరూ లేరు, తెర వెలుగుతోంది.
బాణం గుర్తు ఒక్కటే
నా పద్దుల మీద తాపీగా తిరుగుతోంది,
మేత వెయ్యని పూట
చెరువులో పడవ కదిలినట్టు.
నేనే ఇంటినుంచి పనిచేస్తున్నాననుకున్నాడు.
పాపం, మేడమ్‌గారికి నిద్ర లేదని జాలిపడ్డాడు.

తెల్లారి చూస్తే
ప్రతి ఫైలు పేరుకీ తెలియని తోక.
ఒక చీటీ, ఇంగ్లీషులో, మర్యాదగానే ఉంది:
డబ్బు పంపండి, తాళం పంపుతాం.
బ్యాకప్పా? ఉంది.
అదే సర్వరులో, పక్క ఫోల్డర్లో.
పడవ మునిగితే ఎక్కుదామని పెట్టుకున్న పడవ
ఆ పడవలోనే ఉంది.

మూడువందల పదకొండుమంది రైతుల బాకీ
ఆ ఉదయం ఎవరికీ తెలియదు,
బాకీపడ్డవాళ్ళకి తప్ప.

డబ్బు పంపలేదు రాజుగారు. ఊరూరా కబురు పంపారు.
వచ్చారు. అందరూ కాదు.
కొందరికి అంకెలు తగ్గి గుర్తున్నాయి,
కొందరికి మా డిపో ఏ వీధో గుర్తులేదు.
మంటాడ పల్లయ్య వచ్చాడు. రెండెకరాల కౌలు చెరువు,
తెల్లమచ్చ వచ్చి ఈసారి సగం పోయింది.
బనీను లోపలి కవర్లోంచి తడిసిన బిల్లులు తీసి
ఒక్కొక్కటే నా బల్ల మీద ఆరబెట్టాడు.
ఎనభైనాలుగు వేల ఆరువందలు.
"రాసుకోండమ్మా" అన్నాడు.
పెన్ను కోసం సొరుగంతా వెతికాను.

ఇప్పుడు మనిషికింత అనేదే కొన్నాం.
ఏడుగురికి ఏడు, బిల్లుతో సహా.
మూడుసార్లు తప్పు కొడితే తలుపు పడుతుంది,
కాళ్ళకూరు కుర్రాడు రోజూ తిట్టుకుంటాడు.
సాయంత్రం డిస్కు ఒకటి ఊడదీసి
టిఫిన్ డబ్బా పక్కన పెట్టుకుని బస్సెక్కుతాను.
ఉండి లాకుల దగ్గర బస్సు ఆగినప్పుడల్లా
సంచీలో చెయ్యిపెట్టి తడుముకుంటాను.
మొన్న పక్కావిడ అడిగింది, బంగారమా అని.
"కాదండి," అన్నాను,
"పల్లయ్య బాకీ."