ఎడంచేతి గాట్లు

పొద్దున ఏడింటికి బెంజి సర్కిల్ దగ్గర
ఇరవై రెండు తలలు లెక్కెట్టి బండెక్కించాను.
నా పేరు మీరావలి, ఊరు తాడేపల్లి.
తొమ్మిదేళ్ళుగా ఇదే దారి, ఇవే మాటలు.
ఎక్కడ నవ్వించాలో, ఎక్కడ మంచినీళ్ళకి ఆపాలో
నా నాలిక్కి తెలుసు.
నేను కునుకు తీసినా అది చెప్పుకుపోతుంది.

కొండపల్లిలో తెల్లపొణికి వాసన.
చింతపిక్కల ముద్దతో ఏనుక్కి తొండం అతికిస్తూ
బేబీసరోజని గారు ఎవరి వంకా చూళ్ళేదు.
"చెయ్యి పెట్టకండి, తడి ఆరలా" అంది, అంతే.
అందరూ దశావతారాలు బేరమాడుతుంటే
దుర్గి నుంచి వచ్చిన ముసలాయన, శరభాచారి,
నేలమీది పేళ్ళు ఏరి వెలుగుకి పట్టి చూశాడు.
"కర్ర మెత్తన. చెప్పిన మాట వింటది."
"రాయి వినదా తాతా?" రెండో వరస సీటు పిల్ల, జోషిత.
"వింటది. రెండోసారి చెప్పనియ్యదు."

బారేజీ దాటాం. కృష్ణలో నీళ్ళు తక్కువ.
ఇసక తిప్ప మీద కొంగలు
జీతాలు రాని గుమాస్తాల్లా నిలబడున్నాయి.

ఉండవల్లిలో నా పాఠం మొదలు:
నాలుగంతస్తులు, ఒకటే కొండ, విష్ణుకుండినులు,
పైన పడుకున్న స్వామి...
వెనక్కి తిరిగితే ఇరవై ఒక్కళ్ళే.

కింది అంతస్తులో దొరికాడు.
ఎవరూ ఫోటో తియ్యని చీకటి మూల,
సగం తొలిచి వదిలేసిన గోడకి చెంప ఆనించి
వేళ్ళతో తడుముతున్నాడు,
చూడి గేదె డొక్క తడిమినట్టు.

"ఇటు రావయ్యా. ఈ గాట్లు చూడు, అన్నీ ఇటు వాలినై.
ఇదిగో, ఇక్కణ్ణించి మూడు బారలు, అటు.
మనిషి మారాడు.
ఈడు సుత్తి ఎడంచేత్తో పట్టినోడు."

నేను టార్చి వేశాను.
తొమ్మిదేళ్ళు ఆ గోడకి వీపు పెట్టి నిలబడి
రాజుల పేర్లు చెప్పాను.

"మధ్యలో ఎందుకాపేశాడండీ?"
"కూలి రాలేదేమో. జొరమొచ్చిందేమో.
రాయిలో జీర పడింది చూడు, మేస్త్రి తిట్టి తోలేశాడేమో.
నన్నడుగుతావే, గైడువి నువ్వు గదా!"

మంగళగిరిలో మగ్గం గుంటలో కాళ్ళు పెట్టుకుని
అందరూ ఒకళ్ళ తర్వాత ఒకళ్ళు ఫోటోలు.
మెస్సులో అరిటాకులు. పప్పు, పచ్చి ఉల్లిపాయ, గోంగూర,
గుంటూరు కారం సంగతి ముందే చెప్పినా వినని వాళ్ళకి
పెరుగు రెండోసారి.
"కుడిచేత్తో తిను! ఎన్నిసార్లు చెప్పాలి!"
జోషిత చేతి మీద వాళ్ళమ్మ దెబ్బ.
ముద్ద ఆకులో పడింది.
శరభాచారి ఏమీ అన్లేదు.
పిల్ల నీళ్ళ గ్లాసు మాత్రం
కుడివైపు నుంచి తీసి ఎడంవైపు పెట్టి
తన ఆకు మీదికి వంగాడు.

అమరావతికి చేరేసరికి ఎండ పసుపెక్కింది.
అక్కడ నా పని లేనివాటిని చూపించడం.
ఇక్కడ గుమ్మటం ఉండేది, ఇక్కడ కంచె,
ఈ పలకలు మద్రాసు వెళ్ళాయి, ఇవి ఓడెక్కాయి...
గాల్లోకి చెయ్యి చాపి
ఇవాళ మాట రాక ఆగిపోయాను.
ఎవరో టీ ఎక్కడ దొరుకుతుందని అడిగారు.

రాత్రి తొమ్మిదిన్నర. ఇరవై రెండు తలలు.
ముసలాయన దిగేటప్పుడు చొక్కా జేబులోంచి
ఒక పేడు జారి మెట్టు మీద పడింది.
తీసిచ్చాను. ఉంచుకోమన్నాడు.

ఇంటికొచ్చి, అన్నం కూడా తినకుండా,
ఎన్నాళ్ళుగానో పడున్న క్యాలెండరుకి మేకు కొట్టాను,
సుత్తి ఎడంచేత్తో పట్టుకుని.
రెండో దెబ్బకి కుడి బొటనవేలు చితికింది.
"ఈ వేళప్పుడు ఆ గోడతో ఏం పనయ్యా?"
లోపల్నించి బీబీజాన్ కేక.

వేలు నోట్లో పెట్టుకుని
లైటు దగ్గరికి లాగి చూశాను.
సున్నం మీద చిన్న గాటు.
అటే వాలింది.