చుక్కల గీత

కుర్చీ ఎత్తు, నేను పొట్టి.
సోంపేట కోర్టులో మొదటిరోజు
నా కాళ్ళు నేలకి అందలేదు.
బల్లకి ముందు చెక్క అడ్డం, ఎవరికీ కనపడలేదు,
అటెండరు గురువులుకి తప్ప.
మర్నాడు ఏమీ అనకుండా
పనసచెక్క పీటొకటి బల్ల కింద పెట్టి పోయాడు.

అప్పటికి నాకు ఇరవై ఎనిమిది.
సాలూరు డిపోలో నాన్న చింపిన టిక్కెట్లతో నా చదువు.
బొబ్బిలిలో నాలుగేళ్ళు సీనియరుగారి కట్టలు మోశాను,
వాయిదాకి యాభై రూపాయలు,
అదీ ఆయనకి గుర్తుంటే.
జడ్జీ పరీక్షలో నా నంబరు పేపర్లో పడ్డరోజు
నాన్న బస్సులో తెలిసినవాళ్ళకి కూడా టిక్కెట్టు కొట్టాడు.
"ఇకమీద లెక్క తప్పకూడదు" అన్నాడట.

నేను రాసిన మొదటి తీర్పు
ఓ.ఎస్. నలభై ఒకటి.
వాది పొట్నూరు దాలమ్మ, ఉద్దానం మనిషి.
జీడితోటకి దారి కావాలంది.
మరిది కంచె వేశాడు.
బోనెక్కి, చెయ్యి చాచి,
దారి అక్కడే గోడవారనే ఉన్నట్టు చూపించింది.
"మాయత్త నడిసింది. నాను నడిసినాను.
నెత్తిమీద పిక్కల గంపుంటే
కాలికే తెలుస్తాది తల్లీ దారి.
దానికి కాయితమేటి?"

కాయితం లేదు.
తొమ్మిది పేజీలు చెప్పాను, సెక్షన్లు వరసగా.
"వాది నిరూపించుకోలేకపోయినందున..."
అక్కడ స్టెనో ఒక్క క్షణం ఆగాడు.
దగ్గొచ్చిందనుకున్నాను.

తరవాత పాలకొండ, నర్సీపట్నం,
తణుకులో రెండేళ్ళు, మదనపల్లెలో మూడు.
సామాను దించే కుర్రాళ్ళు ప్రతి ఊళ్ళోనూ
పీటని తిప్పి చూసి, ఇదెందుకమ్మా అనేవారు.
సీనియర్ సివిల్ జడ్జి, అదనపు జిల్లా జడ్జి.
తలుపు మీది బోర్డులో అక్షరాలు పెరిగాయి,
నా సంతకంలో తగ్గాయి.
పెళ్ళిళ్ళు మానేశాను. పిలిచిన ప్రతివాళ్ళకీ
ఎక్కడో ఒక దావా ఉండేది.
బొబ్బిలిలో నాతో ఒకే డబ్బాలో తిన్న హైమావతి
ఓ వాయిదా రోజున నా ఎదుట నిలబడి
తలెత్తకుండా గడువడిగింది.
ఇవ్వలేదు.
ఒకడికి యావజ్జీవం వేసిన రాత్రి
పాలు విరిగిపోతే ఏడ్చాను.
పాల గురించేననుకున్నాను.

ఈ జూన్‌లో శ్రీకాకుళం. జిల్లా జడ్జి.
నాగావళి బంగళాకి అరమైలు, ఇంకా చూడలేదు.
మూడో బుధవారం బెంచి క్లర్కు ఒక కట్ట పెట్టి
కిటికీవైపు చూస్తూ అన్నాడు,
"మేడమ్, కింది కోర్టు తీర్పు... తమరిదే."

అప్పీలు. ఒకసారి హాజరు లేదని కొట్టేసి, మళ్ళీ తెరిచి,
మరిది పోతే అతని కొడుకుల్ని చేర్చి,
పద్దెనిమిదేళ్ళు.
చెదలు కొరికిన అంచు.
ఇంటిపేరుతో సహా నా పాత సంతకం, పొడుగ్గా,
ఎవరో చూస్తున్నారన్నట్టు.

నా తీర్పు మీద నేను కూర్చోకూడదు.
పక్క కోర్టుకి పంపాలి. మూడు లైన్ల పని.
కానీ కట్ట మధ్యలో కమిషనర్ గీసిన పటం ఉంది.
విప్పాను. విప్పకూడదేమో.

పెన్సిలుతో ఒక చుక్కల గీత.
కంచెకి ఈవల మొదలై
కంచె దాటి
నూతి పక్కనుంచి తోటలోకి.
తొమ్మిది పేజీల్లో దాని ఊసే లేదు.
చూడలేదా,
చూసి, చుక్కలే కదా అనుకున్నానా?

మూడు లైన్లూ రాసి పొట్టి సంతకం పెట్టాను.

ఇవాళ పక్క హాల్లోంచి పిలుస్తున్నారు,
"పొట్నూరు దాలమ్మా..."
వరండా దాకా, మెట్ల దాకా.
ఇక్కడ నా ముందు ఒక లారీ ప్రమాదం కేసు,
బీమా కంపెనీ వకీలు బ్రేకుల గురించి చెబుతున్నాడు.
రెండోసారి.
మూడోసారికి
నా చెయ్యి బల్ల అంచు పట్టుకుంది,
కాళ్ళు పీట దిగాయి.

బయట ఎవరిదో ముసలి గొంతు,
"వొస్తన్నాను బావూ,
మెట్లు గదా."