గడప ఇవతల

డులూత్‌లో తలుపులు నాకు తెలుసు.
ఏది తట్టకముందే తెరుచుకుంటుందో,
దేని వెనక టీవీ చప్పుడు టక్కున ఆగిపోతుందో,
ఎక్కడ ముందు కుక్క పలుకుతుందో, ఎక్కడ పసిపిల్ల.
పదకొండేళ్లుగా ఇదే పని:
పేరు అడగడం, కాగితం చేతికివ్వడం,
టైము రాసుకోవడం, వెనక్కి తిరగడం.
కోర్టు సమన్లకి కాళ్లంటూ ఉంటే
అవి నావే. తొమ్మిదో సైజు బూట్లు.

ఇవాళ వంటింటి బల్ల మీద
లా స్కూలు దరఖాస్తు తెరిచి కూర్చున్నాను.
బయట సుపీరియర్ సరస్సు గడ్డకట్టే పనిలో ఉంది.
ఇనుపరాయి మోసే ఓడ ఒకటి కూతేసి దారి అడిగింది,
వంతెన కూతతోనే బదులిచ్చి పైకి లేచింది.
ఏ భాషలో అడగాలో ఓడకి తెలుసు.

నలభై రెండేళ్లు. కొత్త కళ్లద్దాలు.
లైబ్రరీ నుంచి తెచ్చిన ప్రవేశపరీక్ష పుస్తకంలో
ఎవరో పెన్సిల్‌తో జవాబులు గుర్తుపెట్టుకుంటూ వచ్చి
నూట పన్నెండో పేజీ దగ్గర మానేశారు.
అక్కణ్ణుంచి ఒక్కదాన్నే నడుస్తున్నాను.
"కింది వాదనలో లోపం ఏది?"
ముప్పై అయిదు నిమిషాలు.
గుడ్లు ఉడకబెట్టే టైమరు తిప్పి పెడతాను.
లోపం చూపించినందుకు మార్కులు వేసినవాళ్లు
నా జన్మలో ఇంతవరకూ లేరు.

రెండు కాలేజీలు.
ఒకటి పెద్ద పేరుది, చికాగోలో.
దాని బ్రోచర్‌లో అందరూ మెట్ల మీద కూర్చుని నవ్వుతున్నారు,
రాలిన ఆకులతో సహా.
రెండోది సెయింట్ పాల్‌లో, సాయంత్రం క్లాసులు,
రెండున్నర గంటల డ్రైవు, మంచు పడకపోతే.
మా అన్న తాపియో కరెంటు బిల్లు కవరు వెనక లెక్క వేసి
మాట్లాడకుండా కవరు బోర్లించాడు.
కాసేపటికి, "నాతోనే వాదించి గెలవలేవు నువ్వు" అన్నాడు.
"నీతో గెలిస్తే ఫీజెవరిస్తారు?"

సిఫారసు ఉత్తరం లిండ్‌క్విస్ట్ గారు రాశారు,
ఇన్నాళ్లూ నేను మోసిన కాగితాలు ఎక్కువ ఆయనవే.
"ఐలా చేతికిచ్చిన కాగితం
చేరాల్సిన మనిషికి చేరకపోవడం లేదు."
మెచ్చుకోలే. రెండుసార్లు చదివి
సొరుగులో పెట్టాను, బోర్లా.

ఇక మిగిలినవి ఆ రెండు పేజీలు.
లా ఎందుకు చదవాలనుకుంటున్నారు?

పోయిన నవంబరు. కొండ మీద వీధి. ఆస్పత్రి బాకీ కేసు.
ఓర్విల్ బెసెట్ అనే ముసలాయన
రొట్టెకి పిండి కలుపుతూ తలుపు తీశాడు.
మోచేతుల దాకా పిండి.
కాగితం దీపానికేసి ఎత్తి చూసి
"ఏం చెయ్యమంటోంది ఇది?" అన్నాడు.

నాకు తెలుసు.
ఇరవై ఒక్క రోజుల్లో జవాబు రాసివ్వాలి,
ఇవ్వకపోతే ఇంట్లో కూర్చునే ఓడిపోయినట్టు.
మాట నాలుక చివరికొచ్చి నిలబడింది.
లాయరు కానివాళ్లు చెప్పకూడదు. అది నేరం.
నేను గడప ఇవతలి మనిషిని.
"కోర్టుకి ఫోన్ చేసి కనుక్కోండి" అన్నాను.
నేను చూపించిన నంబరు మీద
ఆయన వేలు పిండితో ముద్ర పడింది,
చివరి రెండు అంకెలు కనపడలేదు.

మెట్లు దిగాను. నాలుగూ పది అని రాసుకున్నాను.
కారు స్టార్టు చేశాను. హీటరు వేడెక్కింది.
వైపరు రెండుసార్లు అటూ ఇటూ తిరిగింది.
కారు ఆపేశాను.
మళ్లీ ఆ మెట్లే ఎక్కి
"క్యాలెండరుందా మీ ఇంట్లో?" అన్నాను.
గోడకున్న చేపల కొట్టువాళ్ల క్యాలెండరులో
వేలు పెట్టి ఒక్కో గడీ ఇద్దరం లెక్కపెట్టాం,
థాంక్స్‌గివింగ్ దాటి, ఆయన భార్య పుట్టినరోజు దాటి.
ఆవిడ లేదు. రోజు మాత్రం గుండ్రంగా చుట్టి ఉంది.

దరఖాస్తు చివర్న ఇంకో ప్రశ్న:
ఎప్పుడైనా చట్టం మీరారా? దాచకుండా రాయండి.
అవును, కాదు, రెండు గళ్లు.
ఆ ప్రశ్నకీ ఈ ప్రశ్నకీ నా దగ్గర
ఉన్నది ఒకటే కథ.
చెబితే రానివ్వకపోవచ్చు.
చెప్పకపోతే, రావడం దేనికి?

టైమరు మోగింది. పొయ్యి మీద గుడ్లేమీ లేవు.
ముందు పిండి గురించి రాశాను.