ఎర్ర టోపీ

బల్లార్షా, కాగితం మిల్లు ఎనుక గల్లీ.
సైరన్‌కు ఇంకా ఇరవై నిమిషాలుంది.

ఫోన్ల రాక్షసుడు కోటగోడ కూలగొట్టబోతుండు
నాలుగు నెలల సంది, అదే గోడ.
నా వీరుడేమో సత్రం మూలకు నిలవడి
చిల్లర డబ్బాల కప్పను దుంకిస్తుండు.

"రాజ్యం పోతాంది భావూ"
భుజం మీదికెళ్లి తొంగిచూసి పోచం.

పోనియ్.
అక్కడ ప్రళయం గూడ ఆగుతది
నా ఆట ఒడిసేదాంక,
ఎత్తిన కత్తి ఎత్తినట్టే.

గెలిస్తే ఒక టోపీ. ఎర్రది.
యుద్ధంల దేనికీ అక్కరకు రాదు.
పదకొండు మాట్ల మునిగింది కప్ప.

సైరన్.
పోచం నా టిఫిన్ గూడ పట్టుకొని లేసిండు.
పన్నెండో మాటు
కప్ప గాలిల ఉండంగనే
ఫోను జేబుల ఏసుకున్న.

ఎనిమిది గంటలు,
ఎదురు గుజ్జు వాసనల,
తొడకు తాకుతనే ఉన్నది
కిందికి దిగని కప్ప.