పచ్చగుడ్డ

ఐసు ఫ్యాక్టరీలో దిమ్మలు లెక్కరాసే వాణ్ణి.
ఆదివారం సాయంత్రాలు మాత్రం
కాంపౌండరు విడిచేసిన తెల్లకోటు తొడుక్కుని
బారువ ఇసకలో ఒక గుంజ పక్కన నిలబడతాను.

గుంజలంటే, తిత్లీ పడగొట్టిన కొబ్బరి మొద్దులు.
నడుమ అడ్డంగా వెదురు.
వెదురు కింద చిరిగిన అలివి వల,
వెదురు మీద ఇంకేం లేదు, ఆకాశమే.

ఓడ రిపేరుకి కార్కు రేవులో ఆర్నెల్లు చిక్కుబడి
సీమాను దానయ్య మోసుకొచ్చిన ఆట ఇది.
బంతిని చేత్తో పట్టొచ్చు, కాలితో తన్నొచ్చు,
చంకనెట్టుకుని పరుగెడితే మాత్రం నాలుగడుగులే.
వెదురు మీంచి పోతే ఒకటి.
కింద వలలో పడితే మూడు.
ఒకటికి నేను తెల్ల తువ్వాలు ఊపాలి,
మూడుకి పచ్చగుడ్డ,
మా ఆవిడ పాత జాకెట్టు ముక్క.

ఇంత దగ్గర నిలబడ్డవాడికి ఆట కనిపించదు.
ఒక వీపు కనిపిస్తుంది.
దానిమీద సున్నంతో రాసిన ఒకటో నెంబరు,
జట్టుకంతా మొదటిది,
నిలబడేది అందరికన్నా వెనక.

ఢిల్లేశ్వరి.
వారమంతా కాశీబుగ్గ బట్టీలో జీడిపిక్కలు కొట్టి
తోలూడిన వేళ్ళు, నల్లటి గోళ్ళు.
దానయ్య కొనిచ్చిన గ్లౌజులు
బట్టీకే తొడుక్కెళ్తుంది, ఆటకి తేదు.
అదేటే అంటే,
"బంతి కరవదు బాబూ, పిక్క కరుస్తాది" అంది.

బంతి అటు చివర ఉన్నంతసేపూ
ఆమె నోరు ఇక్కడ పనిచేస్తూనే ఉంటుంది.
"ఒలే నూకాలూ, నీ ఎనకాల సూడు!"
"అప్పలకొండా, ముందుకెల్లిపోకే!"
గాలి సముద్రం మీంచి కొడితే ఆ కేక సగమే వెళ్తుంది.
మిగతా సగం నా చెవిలో పడుతుంది,
నాకు దాంతో పనిలేదు.

కవిటి జట్టుతో ఆ రోజు
మేం రెండు ఎక్కువలో ఉన్నాం.
దానయ్య విజిలు నోట్లో పెట్టుకుని గడియారం చూస్తున్నాడు.
అప్పుడు అప్పలకొండ ముందుకెల్లిపోయింది.

కవిటి పొడుగుపిల్ల ఒక్కతీ వచ్చేసింది
మా ఇద్దరి మీదికి.
(ఇద్దరి మీదికి అని ఎందుకన్నానో. ఆడేది ఆమె ఒక్కతే.)
తన్నింది.
నా చెయ్యి జేబులోకి పోయింది, పచ్చగుడ్డ మీదికి.

ఢిల్లేశ్వరి ఆ బంతిని పట్టుకోడానికి చూడలేదు.
పట్టుకుంటే జారేదే, అది తెలిసిన వేళ్ళు.
ఎగిరి, కింద నుంచి మునివేళ్ళతో తోసింది పైకి,
వెదురు మీంచి, కొబ్బరాకుల్లోకి.

"ఒలమ్మ, ఎల్లిపోనాది!"
గట్టు మీద ఆడాళ్ళంతా నెత్తి కొట్టుకున్నారు.
ఎవరో ఇసక విసిరారు కూడా.
నేను తెల్ల తువ్వాలు ఊపాను.
కవిటికి ఒకటి.

మోకాలి చిప్ప నుంచి ఇసక దులుపుకుంటూ
నావైపు తిరక్కుండానే అడిగింది,
"మిగిలిందా బాబూ?"
"ఒకటి మిగిలింది."
"సాల్లే."
బంతి తెచ్చి గీత దగ్గర పెట్టి
కెరటాల మోత తగ్గేదాకా ఆగి
చాలా దూరం తన్నింది.
అది నేలకి దిగకముందే విజిలు పడింది.
జనం అప్పలకొండని భుజాన ఎత్తుకున్నారు.

సోమవారం పొద్దున్న ఫ్యాక్టరీలో పుస్తకం తెరిచాను.
వచ్చినవి, అమ్మినవి, కరిగినవి, మూడే గళ్ళు.
కరగబోయి కరగని దిమ్మని ఎక్కడ రాయాలో
ఇరవై ఏళ్ళుగా నాకెవరూ చెప్పలేదు.

సాయంత్రం కోటు ఉతుకుతూ మా ఆవిడ
జేబులోంచి పచ్చగుడ్డ తీసింది.
"ఇది నలగనేలేదు, తియ్యలేదేటి?"
"లేదు" అన్నాను.
ఎందుకో చెబుదామనుకున్నాను గానీ
అప్పటికే దాన్ని పిండకుండా
పక్కన పెట్టేసింది.