టెంక వాటా

రాత్రే నానబోశాను.
ఉరై చెప్పినట్టే, పటిక బిళ్లతో రుద్ది
కడుగునీళ్లు తేటపడేదాకా.
పాముకోర అంటాం ఈ బియ్యాన్ని,
సన్నగా, కొసన చిన్న వంపుతో.
"ముందు నీ చేతులు కడుక్కో, ప్రయూన్" అంది కుర్చీలోంచి.
నా గోళ్ల సందున ముప్పై ఏళ్ల డీజిలు.
ఆమె కుడిచేతికి పిండికట్టు,
ఒళ్లో పసిపిల్లను పడుకోబెట్టుకున్నట్టు పెట్టుకుంది.

సోమవారం బండి దించబోయి జారింది.
పేట్ రియూ రైలుగేటు దగ్గర
ఇరవై రెండేళ్లు మామిడిపండూ జిగురన్నమూ అమ్మిన బండి
ఇప్పుడు వాకిట్లో ఒక చక్రం ఎత్తి పడుంది.
గేటుమనిషి రెండుసార్లు వచ్చి అడిగిపోయాడు,
ఆమె ఎలా ఉందని కాదు,
మళ్లీ ఎప్పుడని.

"నేను చేస్తా" అన్నాను.
నవ్వింది. "ఇది పడవ ఇంజను కాదు."

వెదురుగంప కుండ నోట్లో గరాటులా కూర్చుంది.
ఏప్రిల్ ఎండకు పైన రేకు పెటపెటలాడుతోంది,
కింద ఎసరు గుడగుడలాడుతోంది,
మధ్యన నేను.
కాసేపటికి ఆవిరి గొంతు మారింది.
బాంగ్ పకోంగ్ మీద ఎన్ని ఇంజన్లు విన్నానో,
వేడెక్కాక సరిగ్గా ఇలాగే ఒక మెట్టు దిగుతుంది చప్పుడు.
"ఇప్పుడు తిరగెయ్" అనేలోపే
ముద్ద ముద్దంతా తిరగేశాను.
ఆమె ఏమీ అనలేదు.
కుర్చీ మాత్రం ఇటు జరిపింది.

కొబ్బరిపాలు కాగాలట, మరగకూడదట.
మరిగితే విరిగి నూనె తేలుతుందట.
"కోపమొచ్చినా కేకెయ్యని మనిషిలా ఉండాలి మంట."
"నాలాగా?"
"మా నాన్నలాగా."
ఆకు ముడేసి వేశాను, పంచదార వేశాను.
"ఉప్పెంత?"
"నీకు సందేహం వచ్చేంత.
వచ్చాక ఇంకాస్త."

పొగలు కక్కే అన్నం మీద పాలు పొయ్యగానే
పల్చగా, చెరువులా, చెడిపోయినట్టే కనిపించింది.
"అంతా పాడు చేశాను" అన్నాను.
"మూతపెట్టి నోరు మూసుకో" అంది.
మూడుసార్లు చెయ్యి మూత దాకా వెళ్లింది,
మూడుసార్లూ ఎడంచేతి విసనకర్ర నా వేళ్ల మీద పడింది.
పదకొండు గంటల రైలు వెళ్లింది. గిన్నెలు అదిరాయి.
కుక్క గడపలో తల పెట్టి, తీసి, మళ్లీ పెట్టింది.
మూత తీస్తే
నీళ్లు లేవు.
ప్రతి మెతుకూ తాగిందంతా తనలోనే దాచుకుని
మెరుస్తోంది, విడివిడిగా, అయినా చెయ్యి వదలకుండా.

ఇక పండు.
పూలతేనె అని అర్థమట దాని పేరుకు,
పసుపు రాసుకున్నట్టుంది.
ఆమె కత్తి నా చేతికి చిన్నది.
రెండు చెక్కలూ కోసి, అన్నం పక్కన పడుకోబెట్టి,
చిక్కటి పాలమీగడ పోసి, వేయించిన పెసరపప్పు చల్లి
ఆమె ముందు పెట్టాను.
అప్పుడు చెప్పాను, రాత్రంతా కూడబలుక్కున్న మాట:
"ఇన్నేళ్లూ చెక్కలు నాకు పెట్టి
టెంక నువ్వు చీకావు.
ఇవాళ చెక్కలు నీవి."

పళ్లెం వైపు చూసింది. నా వైపు చూసింది.
"టెంకేదీ?"

చెత్తబుట్టలో వెయ్యబోతూ ఆగాను, అదృష్టం.
లాక్కుంది.
"టెంకని పట్టుకుని ఉండేదే అసలు తీపి, వెర్రివాడా.
ఇరవై రెండేళ్లుగా నిన్ను మోసం చేస్తున్నా."

ఎడంచేత్తో పట్టుకుని చీకుతోంటే
రసం మోచేతి దాకా కారింది.
ఎన్ని రాత్రులు ఆ టెంకను తలుచుకుని
నన్ను నేను తిట్టుకున్నానో
ఆమెకి చెప్పలేదు.
తువ్వాలు అందించాను.

అన్నం ఎలా ఉందంటే
ఉప్పు చాలలేదంది.
అని, ఇంకోసారి పెట్టించుకుంది.

చెక్కలు నేనే తిన్నాను.
మెత్తగా, తియ్యగా, ఎప్పటిలానే.
కానీ ఈసారి ఎందుకో
కాస్త చప్పగా.

రేపు రెండు పళ్లు కొయ్యాలి.